ఎన్‌టీ స్కాన్: ఎప్పుడు వెళ్ళాలి, ఏం అడగాలి, రిపోర్టు ఎలా చదవాలి

నెల తప్పిన సంగతి మూడో నెల దాటేదాకా ఎవరికీ చెప్పకూడదన్న ఆనవాయితీ మన ఇళ్ళలో ఇప్పటికీ ఉంది. చుట్టపక్కాలకు చెప్పకపోతే వచ్చే నష్టమేమీ లేదు. కానీ అదే లెక్కన డాక్టరు దగ్గరికి వెళ్ళడం కూడా వాయిదా వేస్తే, బిడ్డలో క్రోమోజోముల లోపాలకు అవకాశం ఎంత ఉందో బిడ్డ మెడ వెనుక నీటి పొర మందాన్ని కొలిచి తొలి నెలల్లోనే అంచనా వేసే ఎన్‌టీ (న్యూకల్ ట్రాన్స్‌లూసెన్సీ) స్కాన్‌కు ఉన్న గడువు దాటిపోతుంది. ఆ గడువు సరిగ్గా 21 రోజులు. గర్భిణులకు స్కాన్ చేయడమే రోజువారీ పనిగా ఉన్న వైద్యురాలిగా, రెండు మూడు రోజులు ఆలస్యమై వచ్చినవారికి ‘ఇక ఈ కొలత పనికిరాదమ్మా’ అని చెప్పవలసి వచ్చిన ప్రతిసారీ నాకు బాధ కలుగుతుంది. ఆ బాధే ఈ వ్యాసం రాయించింది.

వారాల లెక్క

ఈ పరీక్షకు నెలల లెక్క పనికిరాదు, వారాల లెక్కే కావాలి. ఆఖరిసారి నెలసరి మొదలైన రోజును మొదటి రోజుగా తీసుకుని, అక్కడినుంచి 11 వారాలు నిండిన రోజు మొదలు 13 వారాల 6 రోజుల వరకు ఎన్‌టీ స్కాన్ చేయవచ్చు. ఉదాహరణకు లీపు సంవత్సరం కాని ఏడాదిలో జనవరి 5న నెలసరి మొదలైందనుకుంటే, స్కాన్‌కు వీలున్న రోజులు మార్చి 23 నుంచి ఏప్రిల్ 12 వరకు. కాన్పు తేదీ అక్టోబరు 12. ‘మూడో నెల నిండాక వెళ్దాం’ అని ఇంట్లో పెద్దలు అనేసరికి తరచుగా 13 వారాలు దాటుతూ ఉంటాయి కాబట్టి, నెల తప్పిందని తెలిసిన రోజునే క్యాలెండరులో ఈ రెండు తేదీలనూ గుర్తు పెట్టుకుని, 12వ వారం నిండిన తరువాతి నాలుగైదు రోజుల్లో అపాయింట్‌మెంటు తీసుకోవడం ఉత్తమం. అప్పటికి బిడ్డ సుమారు 6 సెంటీమీటర్లు ఉంటుంది, అవయవాలు బాగా కనిపిస్తాయి, అవసరమైతే మరోసారి రమ్మనడానికీ వ్యవధి మిగులుతుంది.

నెలసరి క్రమంగా రానివారికీ, ఆఖరి నెలసరి తేదీ గుర్తులేనివారికీ ఈ లెక్క తప్పవచ్చు. అలాంటివారు 7, 8 వారాల దగ్గర ఒక స్కాన్ చేయించుకుని తేదీ సరిచూసుకోవాలి. చివరికి తీర్పు చెప్పేది క్యాలెండరు కాదు, బిడ్డ పొడవు: తల పైభాగం నుంచి పిరుదుల దాకా కొలిచే సీఆర్ఎల్ 45 నుంచి 84 మిల్లీమీటర్ల మధ్య ఉంటేనే ఎన్‌టీ కొలతకు విలువ ఉంటుంది. ఐవీఎఫ్ ద్వారా గర్భం దాల్చినవారు పిండాన్ని గర్భాశయంలో ప్రవేశపెట్టిన తేదీని, దాత నుంచి అండం తీసుకున్నట్లయితే ఆ దాత వయసును కూడా తప్పక చెప్పాలి.

వెతుకుతున్నది ఏమిటి

మనిషి కణంలో ఉండవలసిన క్రోమోజోములు 46. అందులో 21వ క్రోమోజోము రెండుకు బదులు మూడు ఉంటే డౌన్ సిండ్రోమ్, 18వది మూడు ఉంటే ఎడ్వర్డ్స్ సిండ్రోమ్, 13వది మూడు ఉంటే పటౌ సిండ్రోమ్ వస్తాయి. చివరి రెండింటిలో బిడ్డ గర్భంలోనే పోవడమో, పుట్టినా ఎక్కువ కాలం బతకకపోవడమో జరుగుతుంది. డౌన్ సిండ్రోమ్ ఉన్న పిల్లలు పెరిగి పెద్దవారవుతారు. బుద్ధిమాంద్యం ఒక్కొక్కరిలో ఒక్కో స్థాయిలో ఉంటుంది, సుమారు సగం మందికి గుండెలో లోపం ఉంటుంది.

ఈ వారాల్లో ప్రతి బిడ్డకూ మెడ వెనుక చర్మం కింద పలుచని నీటి పొర ఉంటుంది. దాని మందమే ఎన్‌టీ. క్రోమోజోముల లోపం ఉన్న బిడ్డల్లో చాలామందికి ఈ పొర మందంగా ఉంటుంది. 1866లో డౌన్ సిండ్రోమ్‌ను మొదట వర్ణించిన జాన్ లాంగ్డన్ డౌన్, ఈ పిల్లల చర్మం ఒంటికి మించి ఉన్నట్లు కనిపిస్తుందని అప్పుడే గమనించాడు. గర్భంలోనే ఆ లక్షణాన్ని కొలిచి, అవకాశం లెక్కగట్టవచ్చని 1992లో లండన్ కింగ్స్ కాలేజీ ఆసుపత్రిలో కిప్రోస్ నికొలాయిడెస్ బృందం చూపించింది. నేడు ప్రపంచమంతటా చేస్తున్న పద్ధతికి అదే పునాది.

ఈ పరీక్ష ఎవరికి అవసరమని అడిగితే, వయసుతో నిమిత్తం లేకుండా గర్భిణులందరికీ చెప్పి, వద్దనుకునే స్వేచ్ఛ వారికే వదలాలని నా సమాధానం. డౌన్ సిండ్రోమ్ బిడ్డ పుట్టే అవకాశం తల్లికి 25 ఏళ్ళప్పుడు సుమారు 1,350 మందిలో ఒకరికి, 35 ఏళ్ళప్పుడు సుమారు 350 మందిలో ఒకరికి, 40 ఏళ్ళప్పుడు సుమారు 100 మందిలో ఒకరికి ఉంటుంది. అయినా చిన్న వయసులో కనేవారే సంఖ్యలో ఎక్కువ కాబట్టి, ఈ పిల్లల్లో ఎక్కువమంది 35 ఏళ్ళ లోపు తల్లులకే పుడుతున్నారు. ‘నాకింకా 24 ఏళ్ళేగా’ అనే ధీమాతో పరీక్షను వదిలేయడం సరికాదు.

మేనరికం గురించి ఇక్కడే చెప్పాలి, ఎందుకంటే స్కాన్ గదిలో నన్ను ఎక్కువమంది అడిగే ప్రశ్న అదే. మేనరికం వల్ల డౌన్ సిండ్రోమ్ రాదు. అండం తయారయ్యే దశలో క్రోమోజోములు సరిగా విడిపోకపోవడం వల్ల అది ఎక్కువగా వస్తుంది, దానికి భార్యాభర్తల బంధుత్వంతో సంబంధం లేదు. మేనరికపు పెళ్ళిళ్ళలో పెరిగేది వేరే రకం ముప్పు: తలసేమియా, కండరాలు బలహీనపడే స్పైనల్ మస్క్యులర్ ఆట్రఫీ, కొన్ని రకాల పుట్టుచెవుడు వంటివి, అంటే తల్లిదండ్రులిద్దరిలోనూ ఒకే జన్యులోపం దాగి ఉన్నప్పుడు బిడ్డకు సంక్రమించేవి. ఇవి ఎన్‌టీ స్కాన్‌లోనూ, దానితోపాటు చేసే డబుల్ మార్కర్ అనే రక్తపరీక్షలోనూ తేలవు. కాబట్టి మేనరికం చేసుకున్నవారు ఎన్‌టీ రిపోర్టు బాగుందని ఊరుకోకుండా, కుటుంబంలో పోయిన పిల్లలు, మాట రాని పిల్లలు, నడక రాని పిల్లలు ఎవరైనా ఉంటే ఆ వివరాలతో జన్యువైద్య నిపుణులను కలవాలి. హైదరాబాదులో నిమ్స్‌లోని మెడికల్ జెనెటిక్స్ విభాగం, ఉప్పల్‌లోని డీఎన్ఏ పరీక్షల కేంద్రం సీడీఎఫ్‌డీ ఈ పరీక్షల విషయంలో ఏళ్ళ తరబడి పనిచేస్తున్నాయి.

స్కాన్ రోజున

డాక్టరు రాసిచ్చిన చీటీ, గుర్తింపు కార్డు, ఇంతకుముందు చేయించుకున్న స్కాన్ రిపోర్టులు వెంట ఉండాలి. గర్భస్థ లింగ నిర్ధారణను నిషేధిస్తూ 1994లో చేసిన పీసీపీఎన్‌డీటీ చట్టం ప్రకారం ప్రతి గర్భిణి స్కాన్‌కూ ‘ఫారం ఎఫ్’ నింపాలి, ఆడో మగో తెలుసుకోగోరడం లేదని మీరు సంతకం చేయాలి. అది వట్టి కాగితం పని కాదు. ఆ ప్రశ్న అడగడమూ, జవాబు చెప్పడమూ రెండూ నేరమే. పరగడుపున రావలసిన అవసరం లేదు, తిని రావచ్చు. మూత్రాశయం కొద్దిగా నిండి ఉంటే చాలు, ఓర్చుకోలేనంతగా నీళ్ళు తాగనక్కరలేదు. స్కాన్‌లో వాడేది శబ్ద తరంగాలే గనుక ఎక్స్‌రేలో ఉండే రేడియేషన్ ఇందులో ఉండదు.

పొట్ట మీద జెల్ రాసి ప్రోబ్ పెట్టగానే కొలత దొరుకుతుందనుకుంటారు చాలామంది. నిజానికి మాకు కావలసిన భంగిమ ఒకటుంది. బిడ్డ పక్క నుంచి నిటారుగా కనిపించాలి: ముక్కు కొస, నోటి పైభాగం, మెదడు మధ్యభాగం ఒకే చిత్రంలో పడాలి, తల వెనక్కి వాలినా, గడ్డం గుండెకు ఆనినా కొలత తప్పుతుంది, తల, ఛాతీ పైభాగం మాత్రమే తెరంతా నిండేలా పెద్దది చేసుకోవాలి. బిడ్డ వెనుక ఉమ్మనీటి సంచి పొర కూడా సన్నని తెల్లటి గీతలాగే కనిపించి చర్మమని భ్రమింపజేస్తుంది కాబట్టి, బిడ్డ కదిలి ఆ రెండు గీతలూ విడిపడేదాకా ఆగాలి. అప్పుడే ‘ఒకసారి దగ్గమ్మా’ అంటాము, పక్కకు తిరగమంటాము, కాసేపు నడిచి ఏదైనా తిని రమ్మంటాము. మొన్నామధ్య ఒక అమ్మాయి అలా మూడుసార్లు వరండాలో నడిచి వచ్చింది. మూడోసారి బిడ్డ ఒక్కసారిగా ఎగిరి వెల్లకిలా పడింది, మెడ వెనుక సన్నని నల్లటి చార తేటగా తెర మీద నిలిచింది. ఆ చారకు రెండు వైపులా ఉన్న తెల్లని గీతల అంచుల మీద గుర్తులు పెట్టి కొలిస్తే 1.6 మిల్లీమీటర్లు. మిల్లీమీటరులో పదో వంతు తేడా కూడా లెక్కను మార్చే కొలత ఇది. అందుకే ఒకటికి మూడుసార్లు కొలిచి, సరిగ్గా వచ్చినవాటిలో పెద్దదాన్ని తీసుకుంటాము. అరగంట పట్టినా, మళ్ళీ రమ్మన్నా కంగారు పడకండి. అయిదు నిమిషాల్లో ముగించిన ఎన్‌టీ స్కాన్‌ను నేనైతే నమ్మను. ఈ కొలతలో ప్రత్యేక శిక్షణ పొందినవారు చేస్తున్నారా అని ముందుగానే అడగడం మీ హక్కు.

ఇదే స్కాన్‌లో ముక్కు ఎముక ఉందా, గుండెలోని ట్రైకస్పిడ్ కవాటం దగ్గర రక్తం వెనక్కి కారుతోందా, డక్టస్ వీనోసస్ అనే చిన్న రక్తనాళంలో ప్రవాహం ఎలా ఉంది అన్నవి కూడా చూస్తారు. అంతకన్నా ముఖ్యంగా బిడ్డ తలకాయ ఎముక, పొట్ట గోడ, మూత్రాశయం, కాళ్ళు చేతులు సరిగా ఏర్పడ్డాయో లేదో చూస్తారు. పుర్రె ఏర్పడకపోవడం వంటి తీవ్రమైన లోపాలు ఇప్పుడే తెలిసిపోతాయి. కవలలైతే ఇద్దరికీ మాయ ఒకటేనా, వేర్వేరా అన్నది తేల్చడానికి ఇంతకన్నా మంచి సమయం లేదు, ఆ ఒక్క వాక్యం రిపోర్టులో ఉందో లేదో తప్పక చూసుకోండి. తల్లి గర్భాశయ రక్తనాళాల్లో రక్తప్రవాహాన్ని చూపే డాప్లర్ పరీక్ష, రక్తపోటు కలిపి చూస్తే మున్ముందు బీపీ ప్రమాదకరంగా పెరిగే అవకాశం కూడా అంచనాకు వస్తుంది; ఆ అవకాశం ఎక్కువగా ఉన్నవారికి 16 వారాల లోపే డాక్టరు తక్కువ మోతాదు ఆస్పిరిన్ మొదలుపెడతారు.

డబుల్ మార్కర్ ఫారం

ఎన్‌టీ కొలత, తల్లి వయసు కలిపి లెక్కిస్తే డౌన్ సిండ్రోమ్ ఉన్న ప్రతి 100 మందిలో 75 నుంచి 80 మందిని గుర్తించవచ్చు. వాటికి రక్తపరీక్ష తోడైతే ఆ సంఖ్య సుమారు 90కి పెరుగుతుంది. అయితే ఏ లోపమూ లేని బిడ్డలను మోస్తున్న 100 మంది తల్లుల్లో కూడా సుమారు అయిదుగురికి హై రిస్క్ అని వస్తుంది. ఈ రక్తపరీక్షే డబుల్ మార్కర్. ఇందులో పాప్-ఎ, ఫ్రీ బీటా హెచ్‌సీజీ అనే రెండు పదార్థాలను కొలుస్తారు. డౌన్ సిండ్రోమ్‌లో మొదటిది తగ్గుతుంది, రెండోది పెరుగుతుంది. ఎడ్వర్డ్స్, పటౌలలో రెండూ తగ్గుతాయి.

రక్తం ఇచ్చేటప్పుడు నింపే ఫారాన్ని చాలామంది భర్తకో, అన్నకో వదిలేస్తారు. దయచేసి మీరే నింపండి. లెక్కంతా దాని మీదే నడుస్తుంది. మొదటిది వయసు. బడిలో చేర్చినప్పుడు రాయించిన తేదీ వేరు, అసలు పుట్టిన తేదీ వేరు కావడం మనలో మామూలే. ఆధార్ కార్డులో ఏది ఉన్నా, ల్యాబులో మాత్రం అసలు పుట్టిన తేదీయే చెప్పాలి. రెండోది బరువు: ఎప్పటిదో గుర్తున్న బరువు కాదు, ఆ రోజు తూచిన బరువు. ఒకసారి 58 కిలోలకు బదులు 85 అని ఫారంలో అంకెలు తారుమారైన రిపోర్టు నా దగ్గరికి వచ్చింది. సరిచేసి మళ్ళీ లెక్కించమని ల్యాబుకు పంపితే ఫలితమే మారిపోయింది. ఇక షుగరు ఉందా, పొగతాగే అలవాటుందా, ఐవీఎఫ్ గర్భమా, కవలలా, స్కాన్ తేదీ, సీఆర్ఎల్, ఎన్‌టీ ఎంత అన్నవి రిపోర్టు చూసి నింపాలి, జ్ఞాపకం మీద ఆధారపడకూడదు.

రిపోర్టు చదవడం

రిపోర్టులో ముందు సీఆర్ఎల్ 45, 84 మధ్య ఉందా చూడండి. తరువాత ఎన్‌టీ. బిడ్డ పెరిగేకొద్దీ ఎన్‌టీ కూడా పెరుగుతుంది కాబట్టి అందరికీ ఒకే హద్దు ఉండదు: బిడ్డ 45 మిల్లీమీటర్లున్నప్పుడు 2.1 దాకా, 84 ఉన్నప్పుడు 2.7 దాకా మామూలుగానే భావిస్తారు. 3.5 మిల్లీమీటర్లు, ఆపైన ఉంటే ఏ వారంలోనైనా అది ఎక్కువే.

అసలు చిక్కు ఆ తరువాతి అంకెతో వస్తుంది. ఒక యువకుడు 1:180 అన్న రిపోర్టు పట్టుకుని వచ్చి, తన బావమరిది భార్యకు 1:2400 వచ్చిందని, వాళ్ళకన్నా తమ ప్రమాదం చాలా తక్కువ కదా అని ఆశగా అడిగాడు. ఇక్కడ పెద్ద అంకె మంచిది, చిన్న అంకె జాగ్రత్త పడవలసినది. 1:180 అంటే ఇలాంటి ఫలితమే వచ్చిన 180 మంది తల్లులను ఒకచోట కూర్చోబెడితే అందులో ఒకరి బిడ్డకు డౌన్ సిండ్రోమ్ ఉండవచ్చునని, మిగతా 179 మంది బిడ్డలకు ఉండదని. అతని భార్య మాత్రం అప్పటికే ‘హై రిస్క్’ అన్న ఎర్ర అక్షరాలు చూసి రెండు రోజులుగా అన్నం ముట్టలేదు. అతనికి అంకె అర్థం తెలియాలి, ఆమెకు ఆ 179 మంది గుర్తుండాలి. రెండు మాటలూ ఒకేసారి నిజం.

చాలా ల్యాబులు 1:250ని హద్దుగా పెట్టుకుంటాయి. 250 లేదా అంతకన్నా చిన్న అంకె వస్తే హై రిస్క్, 1:251 నుంచి 1:1000 వరకు మధ్యస్థం, ఆపైన లో రిస్క్. లో రిస్క్ అంటే లోపం లేదని హామీ కాదు, హై రిస్క్ అంటే లోపం ఉందని తీర్పు కాదు. ఇది వడపోత మాత్రమే, నిర్ధారణ కాదు. ఈ ఒక్క రిపోర్టు చూసి గర్భం తీయించుకుంటామని వచ్చినవారిని నేను చూశాను. ఎవరు సలహా ఇచ్చినా సరే, నిర్ధారణ పరీక్ష జరగకుండా ఆ నిర్ణయానికి రావద్దు.

అంకె చిన్నదైతే

మధ్యస్థంగా వచ్చినవారికి ఎన్‌ఐపీటీ మంచి మార్గం. తల్లి రక్తంలో తిరుగుతూ ఉండే, మాయ నుంచి వచ్చిన డీఎన్ఏ ముక్కలను లెక్కించే ఈ పరీక్షను 10వ వారం నుంచి చేయించుకోవచ్చు. డౌన్ సిండ్రోమ్ ఉన్న 100 మందిలో 99 మందిని అది గుర్తిస్తుంది. ఖర్చు డబుల్ మార్కర్‌కు ఎన్నో రెట్లు. తల్లి బరువు ఎక్కువగా ఉంటే ఒక్కోసారి ఫలితమే రాదు. ఎన్‌ఐపీటీ కూడా వడపోతే గనుక, అందులో పాజిటివ్ వస్తే నిర్ధారణ తప్పనిసరి. ఎన్‌ఐపీటీ చేయించుకున్నాం కదా, ఎన్‌టీ స్కాన్ ఎందుకని అడిగేవారుంటారు. రక్తపరీక్ష బిడ్డ అవయవాలను చూడలేదు.

ఎన్‌టీ 3.5 దాటినా, స్కాన్‌లో వేరే లోపం కనిపించినా ఎన్‌ఐపీటీతో కాలయాపన చేయకుండా నేరుగా నిర్ధారణ పరీక్షకు వెళ్ళాలి. 11 నుంచి 14 వారాల మధ్య మాయ నుంచి చిన్న ముక్క తీసే సీవీఎస్, 15 వారాల తరువాత ఉమ్మనీరు తీసే ఆమ్నియోసెంటెసిస్ అని అవి రెండు. స్కాన్‌లో చూస్తూ సన్నని సూదితో పొట్ట మీదుగా చేస్తారు. ఉమ్మనీరు 15, 20 మిల్లీలీటర్లు చాలు. కొద్ది నిమిషాల పని. అనుభవం ఉన్న చేతుల్లో దీనివల్ల గర్భస్రావమయ్యే ప్రమాదం 200 మందిలో ఒకరికి లేదా అంతకన్నా తక్కువ. రక్తం ఆర్‌హెచ్ నెగెటివ్ అయితే తరువాత యాంటీ-డి ఇంజెక్షన్ అవసరమవుతుంది, మరచిపోకుండా మీరే గుర్తుచేయండి. తొలి ఫలితం కొద్ది రోజుల్లో, పూర్తి క్రోమోజోముల పరీక్ష ఫలితం రెండు మూడు వారాల్లో వస్తాయి. ఎన్‌టీ 3.5 నుంచి 4.4 వరకు ఉన్న బిడ్డల్లో కూడా పది మందిలో సుమారు ఏడుగురు ఆరోగ్యంగా పుడతారు. క్రోమోజోములు బాగున్నాయని తేలినా, బిడ్డ గుండెకు ప్రత్యేకంగా స్కాన్ చేయించాలి.

లోపం ఉందని తేలినవారికి చట్టం సమయం ఇచ్చింది. 2021లో సవరించిన ఎంటీపీ చట్టం ప్రకారం 20 వారాల దాకా ఒక డాక్టరు, నిర్దేశించిన సందర్భాల్లో 24 వారాల దాకా ఇద్దరు డాక్టర్ల అభిప్రాయంతో గర్భవిచ్ఛిత్తికి వీలుంది. ఆపైన తీవ్ర లోపాలున్నప్పుడు మెడికల్ బోర్డు నిర్ణయించాలి. గర్భాన్ని కొనసాగించి బిడ్డను కని పెంచుకోవాలని నిశ్చయించుకునే తల్లిదండ్రులూ ఉన్నారు. ముందే తెలిసినందువల్ల వారు పిల్లల గుండె నిపుణులున్న ఆసుపత్రిలో కాన్పుకు ఏర్పాటు చేసుకోగలుగుతారు. ఏ నిర్ణయమైనా ఆ తల్లిదే. అత్తవారింటి పరువు కోసమో, పుట్టింటివారి భయం కోసమో ఆమె చేత సంతకం పెట్టించకూడదు.

గడువు దాటినవారు నిరాశపడనక్కరలేదు. ఎన్‌ఐపీటీ తరువాత కూడా చేయించుకోవచ్చు; 15 నుంచి 20 వారాల మధ్య క్వాడ్రుపుల్ మార్కర్ అనే రక్తపరీక్ష ఉంది, డబుల్ మార్కర్‌తో కలిపిన ఎన్‌టీ అంత సమర్థంగా అది పనిచేయదు. ఫలితం ఎలా వచ్చినా 18, 20 వారాల దగ్గర బిడ్డ అవయవాలన్నిటినీ వివరంగా చూసే టిఫా స్కాన్‌కు వెళ్ళేటప్పుడు ఎన్‌టీ రిపోర్టును వెంట తీసుకెళ్ళండి. ఈ సీఆర్ఎల్‌తో సరిచూసుకున్న కాన్పు తేదీయే చివరిదాకా లెక్క. తరువాతి స్కాన్లలో బిడ్డ చిన్నగానో పెద్దగానో కనిపించి రిపోర్టులో వేరే తేదీ పడినా, దాన్ని మార్చుకోవద్దు.